టెండర్ తగాదాలో హైకోర్టు స్టే ఇవ్వాలా, వద్దా? (ముగ్గురి మధ్య వాదన; మాట్లాడేవాళ్ల పేర్ల బదులు ఊరు, వీధి పేర్లున్నాయి)

బందరు రోడ్డు:
ఉదాహరణకు విజయవాడలో వర్షపు నీటి కాలువ పని ఒకటి, అంచనా విలువ 4.5 కోట్లు అనుకుందాం. టెక్నికల్ బిడ్‌లో (ధర చూసేముందు అర్హత పత్రాలు చూసే దశలో) ఒకరిని డిస్‌క్వాలిఫై చేశారు. ఆయన నేలపాడులోని హైకోర్టుకు వెళ్లి రిట్ పిటిషన్ వేసి, లంచ్ మోషన్‌లో (అదే రోజు అత్యవసరంగా వినమని) స్టే అడిగాడు. ఇవ్వకూడదంటాను. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి సింగ్‌నగర్ మునిగింది కదా. అలాంటి చోట కాలువ పని ఒక వానాకాలం ఆగిపోతే నష్టపోయేది కాంట్రాక్టరు కాదు, ఆ ఇళ్లలో ఉన్నవాళ్లు. అందుకే 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టంలో 20ఎ, 41(హెచ్ఎ) చేర్చి, మౌలిక వసతుల పనులు ఆలస్యమయ్యేలా ఇంజంక్షన్లు (ఆపమనే ఉత్తర్వులు) ఇవ్వొద్దన్నారు. ఎన్.జి. ప్రాజెక్ట్స్ కేసులో (2022) సుప్రీంకోర్టు కూడా, అన్యాయం కనిపిస్తే నష్టపరిహారానికి పంపండి, పని మాత్రం ఆపొద్దు అంది.

బ్రాడీపేట 4వ లైను:
20ఎ ఆ చట్టం కింద వేసే దావాలకండీ. రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్లు వినడానికి హైకోర్టుకున్న అధికారాన్ని అది తీసేయలేదు. ఆ సెక్షన్లను రిట్‌లోనూ మనసులో ఉంచుకోమంది సుప్రీంకోర్టు, అంతవరకు ఒప్పుకుంటాను. కానీ ఆ నష్టపరిహారం వచ్చేదెలా? ఆయనకు అగ్రిమెంటు లేదు, ప్రైస్ బిడ్ (ధర చెప్పే భాగం) తెరవనే లేదు. తెరిస్తే ఎల్1 (అందరికన్నా తక్కువ ధర చెప్పినవాడు) అయ్యేవాడని ఏం పెట్టి రుజువు చేస్తాడు? స్టే కాదంటే ఆ మనిషికి చేతికొచ్చేది ఏమీ లేదు.

గొల్లపూడి:
ఇద్దరూ స్టే దగ్గరే ఆగిపోయారు. అసలు ఎందుకు డిస్‌క్వాలిఫై చేశారు? మన దగ్గర ఎక్కువ గొడవ బిడ్ కెపాసిటీ (ఇంకా ఎంత పని చేపట్టగలడనే లెక్క) మీదే: 2ఏఎన్ మైనస్ బి. ఏ అంటే గత అయిదేళ్లలో ఒక ఏడాదిలో చేసిన గరిష్ఠ పని విలువ, ఎన్ అంటే ఈ పని గడువు ఏళ్లలో, బి అంటే ఆ గడువులో పూర్తి చేయాల్సిన చేతిలోని పనులు. ఏ 4 కోట్లు, ఎన్ 1 అనుకోండి, 2ఏఎన్ 8 కోట్లు. చేతిలో 5 కోట్ల అగ్రిమెంటు ఉంది, అందులో 2 కోట్ల పని అయిపోయింది. బి 3 కోట్లు, మిగిలేది 5, అంచనా విలువ 4.5 కన్నా ఎక్కువ, అర్హుడే. ఆఫీసులో ఎవరో పూర్తి అగ్రిమెంటు విలువ 5 కోట్లూ తీసేస్తే మిగిలేది 3, అవుట్. ఇది ఇంజినీరు విచక్షణ కాదు, తీసివేతలో తప్పు. ఎంత పని అయిందో ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజినీరు) ఇచ్చిన సర్టిఫికెట్ బిడ్‌తోపాటు అప్‌లోడ్ అయి ఉంటే, కోర్టు ఒక్క పేజీ చూస్తే తేలిపోతుంది. అప్పుడు అప్‌లోడ్ చేయకుండా ఇప్పుడు తెచ్చిస్తానంటే మాత్రం నిలబడదు. బిడ్డరు తన పొరపాటును తర్వాత దిద్దుకోవడం కుదరదని పటేల్ ఇంజినీరింగ్ కేసులో (2001) తేలింది.

బందరు రోడ్డు:
అంత తేటగా కనిపించే తప్పయితే నాకూ అభ్యంతరం లేదు. కానీ వచ్చే రిట్లన్నీ అలా ఉండవు గొల్లపూడి గారూ. "మా అనుభవ పత్రం సరిపోతుంది, ఆ పని ఈ పనిలాంటిదే" అంటూ వచ్చేవి ఎన్నో. టెండర్ రాసినవాడికే దాని అర్థం బాగా తెలుస్తుందని ఆఫ్కాన్స్ కేసులో (2016) చెప్పారు. నిర్ణయం మీద అప్పీలు వినడం కాదు, నిర్ణయం తీసుకున్న తీరు చూడడమే కోర్టు పని అని టాటా సెల్యులర్ (1994) నుంచీ ఉన్న మాటే.

బ్రాడీపేట 4వ లైను:
అదే తీరు గురించి నేనూ అంటున్నది. ఒకరికి ఒక కొలత, ఇంకొకరికి ఇంకో కొలత పెడితే? 2024 అక్టోబరులో బన్సీధర్ కేసు చూడండి. పత్రాల సాకుతో ఒకరిని తోసేసి, తప్పనిసరి పత్రాలు పెట్టని వాళ్లను ఒప్పుకున్నందుకు సుప్రీంకోర్టు, అగ్రిమెంటు అయిపోయినా సరే, దాన్ని కొట్టేసి మళ్లీ టెండర్ పిలవమంది. అక్కడిదాకా పోతేనే ప్రజలకు రెట్టింపు ఆలస్యం. మొదట్లోనే పట్టుకుంటే రెండు వారాల్లో తేలేది.

అలాగని చిన్న లోపానికి బిడ్ తోసేయాల్సిన పనీ లేదు. పోద్దార్ స్టీల్‌లో (1991) ఈఎండీ (టెండర్ ధరావతు) చెక్కు స్టేట్ బ్యాంకుది కాక ఇంకో బ్యాంకుది అయినా, డబ్బు భద్రంగా ఉంది కాబట్టి ఆ లోపాన్ని మన్నించవచ్చన్నారు.

గొల్లపూడి:
అయితే కోరే ఉత్తర్వే మార్చాలి. "పని ఆపండి" అని కాదు, "ప్రైస్ బిడ్ తెరవండి, మా బిడ్ కూడా కలిపి తెరవండి, రిట్ తేలేదాకా అగ్రిమెంటు చేయొద్దు" అని అడగాలి. అందుకు డిస్‌క్వాలిఫై అయిన రోజే కారణం చెప్పమని ఎస్ఈ (సూపరింటెండింగ్ ఇంజినీరు) ఆఫీసులో రాతపూర్వకంగా ఇచ్చి రసీదు తీసుకోవాలి. ఎల్1 ఎవరో తేలితే వాళ్లను ప్రతివాదిగా చేర్చాలి, లేకపోతే ఆ ఒక్క కారణంతోనే రిట్ పోవచ్చు. అగ్రిమెంటు అయి, సైటు అప్పగించి, జేసీబీ దిగాక వచ్చే పిటిషన్‌కు బందరు రోడ్డు గారి వాదనే సరిపోతుంది.

బందరు రోడ్డు:
పద్నాలుగు రోజుల గడువు పెట్టి, ఇవాల్యుయేషన్ షీటుతో (బిడ్లను మదింపు చేసిన పత్రంతో) సహా ఫైలు తెప్పించుకునే ఉత్తర్వయితే సరే. కౌంటర్‌కు (జవాబు అఫిడవిట్‌కు) టైమ్ కావాలని వాయిదాలు అడుగుతూ దాన్ని ఆరు నెలలు లాగితే మాత్రం, నా మొదటి మాటకే వస్తాను.