సమ్మె నిధితో సినిమా తియ్యడం సబబేనా? (జోర్దా ‘నుమాక్స్ ప్రెసెంతా’ మీద చర్చ)

పాతరీలు: కటలాన్ డాక్యుమెంటరీ దర్శకుడు జోర్దా అంటే నాకూ గౌరవమే. కానీ ఈ సినిమా దగ్గర ఒక విషయం మింగుడుపడదు. నుమాక్స్ బార్సిలోనాలో ఇంట్లోకి వాడే కరెంటు సామాన్లు చేసే ఫ్యాక్టరీ. స్పెయిన్ నియంత ఫ్రాంకో పోయిన కొత్తలో యజమానులు మూసేసే ఎత్తులో ఉంటే, కార్మికులే దాన్ని చేతిలోకి తీసుకుని నడిపారు. 1979కల్లా ఇక లాగలేకపోయారు. నిధిలో మిగిలింది 6 లక్షల పెసెటాలు (అప్పటి స్పెయిన్ డబ్బు). దాంతో జోర్దాని పిలిచి సినిమా తీయించుకున్నారు. రేపటి నుంచి జీతం లేని మనుషులండీ! ఉన్న నాలుగు డబ్బులూ పంచేస్తే పోయేది కాదా?

రాత్రిషిఫ్టు: పంచితే అద్దెకో, కిరాణా బాకీకో పోయేది, అంతే. ఆ రోజులు గుర్తు తెచ్చుకోండి. 1977 అక్టోబరులో క్షమాభిక్ష చట్టం వచ్చింది. జైళ్లలోని ఫ్రాంకో వ్యతిరేకులను విడిపించింది, ఫ్రాంకో హయాంలో హింసించినవాళ్లకీ శిక్ష తప్పించింది. అదే నెలలో ప్రభుత్వమూ పార్టీలూ కుదుర్చుకున్న మోంక్లోవా ఒప్పందాలతో జీతాల పెంపుకి కళ్లెం పడింది. పెద్ద పార్టీలన్నీ ‘జరిగిందేదో జరిగింది’ అన్న ధోరణిలో ఉంటే, ఓ మూతపడ్డ ఫ్యాక్టరీ కథ ఎవడు రాసిపెడతాడు? వాళ్లే రాసుకున్నారు.

పాతరీలు: రాసుకోవడం సరే, నటించడం ఎందుకు? తమ మీటింగులని తామే మళ్లీ ఆడి చూపించారు. దాన్ని చరిత్ర అనాలా, సొంత డబ్బా అనాలా?

మూడోవరుస: మధ్యలో దూరుతున్నా, ఏమనుకోకండి. సొంత డబ్బా అయితే గొడవలు కత్తిరించేసేవారు. పని ఎవరు ఎక్కువ చేస్తున్నారు, ఎవరు తప్పించుకుంటున్నారు అన్న తగాదాలు కూడా పెట్టారు కదా. అన్నిటికంటే చివర్లోని పార్టీ చూడండి. పాటలు, డాన్సులు సాగుతుంటే జోర్దా మైకు పట్టుకుని ఒక్కొక్కరినీ ‘ఇకపై ఏం చేస్తారు?’ అని అడుగుతాడు. చాలామంది మళ్లీ ఫ్యాక్టరీ గడప తొక్కమంటారు. యజమాని లేకుండా నడిపి చూసిన మనుషుల మాట అది! కార్మికవర్గం మీద సినిమాలు తీసే ఏ యూనియన్ నాయకుడూ ఈ సీను ఉంచడు.

పాతరీలు: అది ఓటమి ఒప్పుకోవడమే కదా మరి. పాతికేళ్ల తర్వాత జోర్దా మళ్లీ వాళ్లనే వెతుక్కుంటూ వెళ్లి రెండో సినిమా తీశాడు. వాళ్లలో ఒకతను బ్యాంకు దోపిడీల దాకా వెళ్లాడు. సినిమా వాళ్లకేం ఒరగబెట్టింది?

రాత్రిషిఫ్టు: సినిమా ఉద్యోగాలిస్తుందని వాళ్లూ అనుకోలేదండీ. మొదటిది లేకపోతే రెండోదానికి వెతకాల్సిన మొహాలే ఉండేవి కావు.

పాతరీలు: పేరు మాత్రం జోర్దాకే వచ్చింది. 2006లో ఆయన పోయాక సంస్మరణ వ్యాసాలన్నీ ఆయన మీదే. డబ్బు పెట్టినవాళ్ల పేర్లు ఎవరికి తెలుసు? నా అసలు కడుపుమంట అదే.

మూడోవరుస: ఆ మాటకొస్తే నేనూ మీ పక్షమే. కానీ టైటిల్లో ‘ప్రెసెంతా’, అంటే ‘సమర్పించు’ అన్న చోట ఉన్నది ఫ్యాక్టరీ పేరు, జోర్దాది కాదు. తెర మీద లెక్క సరిగ్గానే ఉంది, తేడా వచ్చింది వ్యాసాలు రాసేవాళ్ల దగ్గర.