కథ లేని చిత్రంలో ఏది ఉంచాలో, ఎక్కడ ఆపాలో ఎలా తేల్చుకుంటారు?

ప్రశ్న:
కొంతకాలంగా ప్రయోగాత్మక చిత్రాలను, వీడియో కళను శ్రద్ధగా చూస్తున్నాను. కథాచిత్రం తీసేవారికి స్క్రిప్టు ఉంటుంది కనుక ఏ సన్నివేశం తీయాలో, ఎక్కడ ముగించాలో ముందే తెలుస్తుంది. పాత్రలు, సంభాషణలు ఏవీ లేకుండా ఒంటరిగా పనిచేసే కళాకారులు అసలు దేనితో మొదలుపెడతారు? అంతా యాదృచ్ఛికమేనని కొందరు అంటారు గానీ, ఆ చిత్రాలు చూస్తుంటే నాకు అలా అనిపించడం లేదు.

సమాధానం 1:
మీకు అనిపించినదే నిజం. వీరిలో చాలామంది ఒక పదార్థంతోనో, తమకు తామే పెట్టుకున్న ఒక నియమంతోనో పని మొదలుపెడతారు. 1963లో స్టాన్ బ్రాఖేజ్ ‘మాత్‌లైట్’ను కెమెరా లేకుండానే చేశారు. రాలిన పురుగుల రెక్కలను, పూరేకులను, గడ్డిపోచలను పారదర్శకమైన టేపు పట్టీల మధ్య అతికించి, వాటిని ఫిల్ము మీదికి ముద్రించారు. ఒక రెక్క ఫ్రేము ఎత్తును దాటి కిందికి సాగినప్పుడు ఒక్కో ఫ్రేములో దాని ఒక్కో ముక్కే పడుతుంది. అందుకే తెరపై అది నిలకడగా ఉండదు, రెక్కలోని ఈనెలే వణుకుతూ పరుగెడతాయి. ఆ కదలికను ఎవరూ చిత్రీకరించలేదు, పదార్థమే ఇచ్చింది. నియమానికి ఉదాహరణ కావాలంటే పీటర్ కుబెల్కా 1960లో పూర్తిచేసిన ‘ఆర్నుల్ఫ్ రైనర్’ చూడండి. నలుపు, తెలుపు, శబ్దం, నిశ్శబ్దం తప్ప అందులో మరేమీ లేవు.

సమాధానం 2:
వీడియోలో పని తీరు వేరుగా ఉంటుంది. ఫిల్మును ల్యాబులో కడిగించేదాకా ఏం పడిందో తెలియదు, వీడియోలో చేస్తున్నది చేస్తుండగానే కనిపిస్తుంది. కెమెరాను దాని మానిటర్ వైపే తిప్పితే బొమ్మలో బొమ్మ పుడుతూ పోతుంది. కెమెరాను కాస్త పక్కకు వంచితే అది సుడి తిరుగుతుంది, వెలుతురు కొద్దిగా తగ్గిస్తే మొత్తం చీకటిలోకి జారిపోతుంది. 1971లో న్యూయార్క్‌లో ‘ది కిచెన్’ అనే కళావేదికను స్థాపించిన స్టైనా, వూడీ వసుల్కా దంపతులు ఇలా వీడియో సంకేతాన్నే, అంటే బొమ్మను మోసే విద్యుత్ సిగ్నల్‌నే, ముడిసరుకుగా తీసుకున్నారు. వయొలిన్ శిక్షణ పొందిన స్టైనా తన వాద్య ధ్వనితోనే తెరమీది బొమ్మను మార్చారు. ఇందులో చేతి నేర్పు వాద్య సాధన లాంటి అభ్యాసంతోనే వస్తుందని నా నమ్మకం.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ ధన్యవాదాలు. అయితే గంటల కొద్దీ రికార్డయిన దానిలో ఏది ఉంచాలన్నది ఎలా తేలుతుంది?

సమాధానం 3:
అసలు కష్టం అక్కడే ఉంది. 16 ఎం.ఎం. ఫిల్ము వంద అడుగుల చుట్ట సెకనుకు 24 ఫ్రేముల వేగంతో మూడు నిమిషాలు కూడా నడవదు కనుక, మీట నొక్కకముందే సగం ఎంపిక జరిగిపోతుంది. డిజిటల్‌లో ఆ కట్టడి లేదు, దాన్ని మనమే విధించుకోవాలి. తీసినదాన్ని కొన్నాళ్లు పక్కన పెట్టి, తరువాత శబ్దం తీసేసి చూస్తే, తీసేటప్పటి ఉత్సాహం వల్ల మాత్రమే బాగున్నట్టు తోచిన షాట్లు వాటంతట అవే బయటపడతాయి. ముగింపు విషయానికొస్తే, కొన్నిసార్లు నియమమే దాన్ని నిర్ణయిస్తుంది: మైకేల్ స్నో 1967 నాటి ‘వేవ్‌లెంగ్త్’లో దృశ్యం సుమారు 45 నిమిషాల పాటు గది అవతలి గోడకు దగ్గరవుతూ వెళ్లి, ఆ గోడకున్న అలల ఫొటో దగ్గర ముగుస్తుంది. అలాంటి గమ్యం లేని చిత్రమైతే, నియమం ప్రేక్షకుడికి పూర్తిగా అర్థమైపోయిన తరువాత కూడా కొత్తదేదైనా జరుగుతున్నదా అని చూసుకోండి. జరగకపోతే కోత అక్కడ పడాలి.