14వ లియో పోపు పరిచయ వ్యాసం: పదవుల తెలుగు పేర్లకు సాయం కావాలి

మా విచారణ (పారిష్) పత్రిక కోసం 14వ లియో జగద్గురువుల గురించి రెండు పేజీల వ్యాసం సిద్ధమవుతోంది. తేదీలు సరిచూశాం, చిక్కంతా పదవుల పేర్ల దగ్గరే.

రాబర్ట్ ఫ్రాన్సిస్ ప్రివోస్ట్ 1955 సెప్టెంబర్ 14న షికాగోలో పుట్టారు. 1982లో గురుపట్టం, తర్వాత పెరూలో ఏళ్ల తరబడి సేవ. 2001 నుంచి 2013 వరకు అగస్టీనియన్ సన్యాస సభకు ప్రపంచవ్యాప్త పెద్ద. ఈ 'ప్రయర్ జనరల్'ని 'మఠాధిపతి' అంటే ఒక్క మఠానికే పెద్ద అనే అర్థం వస్తుంది. 'సభ ప్రధానాధిపతి' అనవచ్చా?

పెరూలోని చిక్లాయోకు 2014లో వెళ్లింది అపోస్తలిక పాలనాధికారిగా, అంటే ఆ పీఠాన్ని పోపు తరఫున తాత్కాలికంగా నడిపే బాధ్యతతో. ఆ పీఠానికి మేత్రాణులు (బిషప్) అయింది 2015లో. చాలామంది రెంటినీ కలిపేసి 2014 అనే రాస్తున్నారు. ఈ తేడా ఒక్క వాక్యంలో ఎలా చెప్పాలి?

ఇంకొకటి, ఇదే ముఖ్యం. 2025 మే 8న, 133 మంది కార్డినళ్ల ఓటింగులో (మన హైదరాబాదు అగ్రపీఠాధిపతి పూల ఆంథోనీ గారూ ఉన్నారు) ఎన్నికైన మర్నాడే, వాటికన్ శాఖాధిపతులను తాత్కాలికంగా కొనసాగించారు. అక్టోబరులో వచ్చిన, పేదల పట్ల ప్రేమ గురించిన 'దిలెక్సి తే' ఉపదేశ పత్రం అంతకు ముందటి పోపు ఫ్రాన్సిస్ గారు మొదలుపెట్టినది. కనుక ఈ రెంటినీ 'కొత్త పోపు పంథా' అనడం తొందరపాటే. మే 10న కార్డినళ్లకు పేరు ఎంపిక వివరిస్తూ కార్మికుల సమస్యలపై 13వ లియో పోపు 1891లో రాసిన విశ్వలేఖనూ, కృత్రిమ మేధనూ ప్రస్తావించిన ప్రసంగాన్ని ఆయన పంథాకు మొదటి సూచనగా తీసుకోవచ్చా? అంతకన్నా గట్టి ఆధారం ఏదైనా ఉంటే తేదీతో సహా చెప్పగలరు.