సినిమా రచయిత అనుభవాలు నవలగా: ఎక్కడ పట్టుకోవాలి, ఎక్కడ దొరికిపోతాం?

(ఇది నలుగురి చర్చ. చిత్తుప్రతి, కార్బన్‌కాపీ, మూవియోలా, నల్లకోటు వాళ్ల మారుపేర్లు.)

చిత్తుప్రతి (ప్రశ్న):
నవల కాలం 1974–79, స్థలం మద్రాసు. కథానాయకుడు పేరున్న మాటల రచయిత దగ్గర ఘోస్టు, అంటే ఆయన పేరుమీద రాసిపెట్టేవాడు. సంగతులు సొంతవే, పేర్లు మార్చాను. 340 పేజీలకొచ్చింది. చదివిన ఇద్దరూ ఒకే మాటన్నారు: వచ్చేవాళ్లూ పోయేవాళ్లూ కనిపిస్తున్నారు గానీ నవల కనిపించట్లేదని. దీన్ని దేనిమీద నిలబెట్టాలి? ఆనాటి పని వివరాల్లో తప్పులు ఎక్కడ దొర్లుతాయి? ఎవరైనా తమనే రాశానని గుర్తుపడితే చట్టం ఏమంటుంది?

కార్బన్‌కాపీ:
మనుషుల్ని కాసేపు వదిలేసి కాగితాన్ని పట్టుకోండి. ఒక్క సినిమా, అందులో ఒక్క సీను. ఆ సీన్ పేపరు ఎన్ని చేతులు మారిందన్నదే కథ. ఘోస్టు రాస్తాడు. గురువుగారు రెండు మాటలు కొట్టేసి, ఒకటి కలిపి, తనదే అన్నట్టు చదివి వినిపిస్తారు. అసిస్టెంట్ డైరెక్టరు కార్బన్లు పెట్టి సాపు రాస్తాడు. బాల్‌పెన్ను ఎంత నొక్కినా నాలుగో కాపీలో ఒత్తులు అలుక్కుపోతాయి, ఆ కాపీయే చిన్న వేషాలవాళ్లకి చేరుతుంది. ఫ్లోరులో ప్రాంప్టింగు (పక్కనుంచి మాట అందించడం) మీద బండి నడుస్తుంది. హీరోగారు నోరు తిరగని మాట మింగేస్తారు. అప్పట్లో సెట్లో మానిటరు లేదు కాబట్టి ఏం పోయిందో రష్ (తీసిన ఫిల్ము కడిగి వేసే మొదటి ప్రింటు) పడేదాకా రాసినవాడికి తెలియదు. ఎడిటింగులో ఇంకో సగం ఎగిరిపోతుంది. మిగిలిన నాలుగు మాటల మీద టైటిల్స్‌లో పడేది గురువుగారి పేరు.

ఈ దారిలో తగిలినవాళ్లే నవలలో ఉండాలి, తగిలినంతసేపే. సన్మానాలు, శతదినోత్సవాలు తీసేయండి, అవి ఆత్మకథల సరుకు. వంద పేజీలు పోతే పోనీండి.

మూవియోలా:
తప్పులు ఎక్కువగా ఫిల్ము కొలతల్లో వస్తాయి. 35 ఎం.ఎం.లో అడుగుకి 16 ఫ్రేములు, సెకనుకి 24. అంటే నిమిషానికి 90 అడుగులు. 400 అడుగుల మ్యాగజైన్ (కెమెరాకి బిగించే ఫిల్ము డబ్బా) నాలుగు నిమిషాల 26 సెకన్లకే ఖాళీ. ఆరు నిమిషాల డైలాగు ఒకే టేకులో చెప్పించాలంటే 1000 అడుగులది బిగించారని రాయాల్సిందే, అది పదకొండు నిమిషాలు వస్తుంది. రెండు నిమిషాల టేకు నాలుగుసార్లు తప్పితే 720 అడుగుల నెగెటివ్ బూడిద. డైలాగు పొడుగైతే ప్రొడక్షన్ మేనేజరు రచయిత వంక ఎందుకలా చూస్తాడో ఈ లెక్క వేస్తే తెలుస్తుంది.

కాలం విషయంలో: 1983కి ముందు సెన్సారు వాళ్లు యు/ఏ ఇవ్వలేదు, యు లేదా ఏ అంతే. పాత్రల నోట 'చెన్నై' అనిపించకండి. తెలుగువాళ్లకి అది మద్రాసే, అధికారికంగా మారింది 1996లో. హైదరాబాదులో అన్నపూర్ణ స్టూడియో మొదలైంది 1976లో. అమీర్‌పేటలో సారథి అంతకుముందునుంచీ ఉంది. తెలుగు సినిమా మద్రాసు నుంచి హైదరాబాదుకి మళ్లుతున్న ఈ మార్పు మీదుగానే సరిగ్గా మీ కాలం పోతోంది. 'హైదరాబాదు వెళ్లిపోదామా' అన్న గొణుగుడు మద్రాసు సినిమావాళ్ల పేట కోడంబాక్కంలో ఎక్కడో వినపడకపోతే వెలితిగా ఉంటుంది.

డబ్బింగు థియేటరు వదలకండి. పెదాలు కలిసేది ప, బ, మల దగ్గర. తెరమీద ఆమె 'నమ్మను' అనేసింది, ఇప్పుడు ఆ మాట మార్చాలి. 'వినను' పెడితే అర్థం దగ్గరే గానీ మధ్యలో పెదాలు కలవవు, కొట్టొచ్చినట్టు తేడా కనపడుతుంది. 'చెప్పను' అతుకుతుంది. కానీ అనుమానించే మనిషి కాస్తా దాచే మనిషి అయిపోయింది! లూపు (మళ్లీమళ్లీ వచ్చే అదే ఫిల్ము ముక్క) తిరుగుతుండగా నిలబడి ఆ మాట వెతికేది రచయితే.

నల్లకోటు:
పేరు మార్చడం చాలదు, 'పాత్రలన్నీ కల్పితం' అన్న వాక్యమూ చాలదు. తెలిసినవాళ్లు చదివి 'ఇది ఫలానావారే' అనగలిగితే పరువు నష్టం దావాకి దారి ఉన్నట్టే. క్రిమినల్‌గా భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షన్, రెండేళ్ల వరకూ శిక్ష. సివిల్ దావాకి ప్రచురించిన ఏడాదిలోపు గడువు. చనిపోయినవారి గురించి రాసినా, కుటుంబాన్ని నొప్పించాలన్న ఉద్దేశం ఉందని తేలితే క్రిమినల్ కేసు నిలబడొచ్చు.

మీ పుస్తకంలో ప్రమాదం ప్రేమాయణాల్లో కంటే 'ఆ మాటలు ఆయన రాయలేదు' అన్న ఒక్క వాక్యంలో ఎక్కువ ఉంది. నిజమే అంటే రుజువు మీరే చూపాలి. క్రిమినల్ కేసులో అది ప్రజాహితం కోసం చెప్పానని కూడా చూపాలి. అసలు సీన్ పేపర్లు ట్రంకుపెట్టెలో ఉంటే పారేయకండి. గురువు పాత్రని ఇద్దరు ముగ్గుర్ని కలిపి చేయండి. ఊరు, అలవాట్లు, హిట్ల వరస అన్నీ మార్చండి. మనిషి మారి ఫిల్మోగ్రఫీ (చేసిన సినిమాల జాబితా) అలాగే ఉంటే పట్టుకోవడానికి అదొక్కటే చాలు.

చిత్తుప్రతి:
కాగితం సలహా పట్టుకుంటున్నాను. విడుదలైన సినిమాలో సీనునే యథాతథంగా వాడొచ్చా? ఒక ఆత్రేయ పాట రెండు చరణాలు కూడా ఉన్నాయి.

నల్లకోటు:
వద్దు. సీను హక్కులు ఒప్పందాన్నిబట్టి నిర్మాత దగ్గర ఉండి ఉంటాయి. ఒప్పందం నోటిమాటైతే చిక్కు ఇంకా ఎక్కువ. పాటకి కవి పోయాక అరవై ఏళ్లు. ఆత్రేయ 1989లో పోయారు, అంటే 2049 చివరిదాకా అనుమతి కావాలి. పాత్ర చేత కూనిరాగం తీయించండి, సాహిత్యం అచ్చువేయకండి.

కార్బన్‌కాపీ:
సీను కొత్తగా రాసుకోండి, ఎలాగూ మీ హీరో పని అదేగా. మొదటి అధ్యాయంలో పూర్తిగా ఇవ్వండి, పేజీన్నర చాలు. తర్వాత ప్రతి మజిలీలోనూ అదే సీను మళ్లీ కనపడాలి, ప్రతిసారీ ఓ రెండు వాక్యాలు తక్కువగా.