ఈ వారం సమస్య: ముసలి కుందేలు నవ్వింప మొదలుపెట్టె

నిర్వాహకుడు: ఇది తేటగీతి పద్యపు చివరి పాదం, పై మూడు పాదాలు మీరు పూరించాలి. కుందేలంటే మన కార్టూన్ల బగ్స్ బన్నీయే. 1940లో పుట్టినవాడు, 2011లో కార్టూన్ నెట్‌వర్క్‌లో ‘ద లూనీ ట్యూన్స్ షో’ మొదలయ్యేసరికి డెబ్బై దాటాయి. ఏడు నిమిషాల తరుముళ్ళు పోయి, అద్దె కట్టని బాతు డాఫీతో ఒకే ఇంట్లో కాపురం. మొదట్లో చాలామంది పెదవి విరిచారు. రెండు విడతలు, 52 భాగాలు. రెండో విడతకొచ్చేసరికి మాత్రం పట్టు దొరికింది. ఎలా దొరికిందో పద్యంలో చెప్పండి.

విజయనగరం మాస్టారు:
ఒక్క యింటను బాతుతో నుండబోయి
తొలుత చప్పగ నడయాడి తొట్రుపడియె;
మలివిడతలోన రూపును మార్చుకొనగ
ముసలి కుందేలు నవ్వింప మొదలుపెట్టె.

అట్లాంటా అక్క: మాస్టారూ, నడక బాగుంది, మూడో పాదంతోనే నా పేచీ. మలివిడతలో బొమ్మల గీత మార్చిన మాట నిజమే, కానీ గీత మారితే నవ్వు వస్తుందా? మొదటి విడతలో కథ మధ్యలో పాటలు, పరుగుల పక్షి రోడ్ రన్నర్ త్రీడీ ముక్కలు దూర్చేవారు. రెండోదాంట్లో అవి బాగా తగ్గి, ఇంట్లో గొడవలకి చోటు దొరికింది. పైగా ఇందులో కుందేలు తనంతట తాను నవ్వించదు. పక్కవాళ్ళ పిచ్చిని భరిస్తూ కూర్చుంటుంది, అందుకే మనకి నవ్వొస్తుంది. నా పూరణ చూడండి, ఇందులో లోల అంటే బగ్స్ ప్రియురాలు లోలా:

లోల మాటల జడివాన లోకమెల్ల
తడిసి ముద్దయి పోవగా, తాను కూడ
గొడుగు విప్పక సహనాన కూరుచుండి
ముసలి కుందేలు నవ్వింప మొదలుపెట్టె.

1996 సినిమా ‘స్పేస్ జామ్’లో లోలా బాస్కెట్‌బాల్ ఆడే గడుసు పిల్ల, అంతే. ఇక్కడ క్రిస్టెన్ విగ్ గొంతులో ఆపకుండా వాగుతుంది. పాతవాళ్ళకి కోపం వచ్చింది గానీ, నాకైతే ఈ లోలాయే ఇష్టం.

విజయనగరం మాస్టారు: గొడుగు విప్పని సహనం! భేష్, తల్లీ. ఒక్కటే సవరణ. ‘సహనాన’ ద్రుతాంతం, అంటే చివర నకారం దాగిన మాట, కాబట్టి ‘సహనానఁ గూరుచుండి’ అనాలి. యతి, అంటే పాదం మొదటి అక్షరంతో నాలుగో గణం మొదటి అక్షరం కలవడం, ఇంకా బిగుస్తుంది. ఇక నా మూడో పాదం సంగతి. నువ్వన్నదే నిజం, మార్చేశాను:

బాతు చేసెడి గోలకు బదులు లేక

నిర్వాహకుడు: ఇప్పుడు కుదిరింది! మొదటి భాగమే గుర్తొచ్చింది. స్నేహితులిద్దరూ టీవీ పోటీకి వెళ్తారు. బగ్స్ గురించి అడిగితే డాఫీకి ఒక్క జవాబూ తెలియదు. బగ్స్ ముఖం చూడాలి అప్పుడు! అంటే ఆ విత్తనం మొదటి నుంచీ ఉంది, నీళ్ళు పోయడమే ఆలస్యం.

కొత్తపిల్లాడు: నేనూ ఒక పాదం రాశానండీ, తిట్టకండి.
పిజ్జా కొట్టును పెట్టిన పిల్ల యెలుక

విజయనగరం మాస్టారు: తిట్టడం ఎందుకు నాయనా, స్పీడీ గొంజాలెస్‌ని పట్టుకొచ్చావు! ‘పిజ్జా’లో రెండక్షరాలూ గురువులే, అంటే బరువుగా పలికేవే; పాదం మొదట రావాల్సిన సూర్యగణం (గురువు-లఘువు, లేదా మూడు లఘువులు) కాదు. ‘పిజ్జ’ అను, సరిపోతుంది. యతి నువ్వే వేశావు, తెలిసి వేశావో తెలియక వేశావో.

కొత్తపిల్లాడు: తెలియకేనండీ.

అట్లాంటా అక్క: పరవాలేదు తమ్ముడూ. ఎలుకని కుందేలు దాకా తీసుకెళ్ళాలి, ఇంకా రెండు పాదాలు బాకీ.