తెలుగు నాటకానికి రాగాల జబ్బు అంటించింది ధర్మవరం వారేనా?

వెనక బెంచీ:
మొన్న తిరునాళ్ళలో రాయబారం సీను చూశాను. కృష్ణుడు 'జెండాపై కపిరాజు' ఎత్తుకున్నాడు. బాగానే పాడాడు. కానీ 'సంధింపగన్' దగ్గర పట్టుకుని ఇక వదల్లేదు. సభలో కౌరవుడొకడు కిరీటం సర్దుకుని ఫోన్ చూసుకుంటున్నాడు. ఎవరో వేదికెక్కి కృష్ణుడి జేబుకి నోటు గుచ్చారు. జనం వన్స్ మోర్ అన్నారు, మళ్ళీ మొదటినుంచి పాడాడు. యుద్ధం వస్తుందన్న టెన్షన్ ఒక్కరి మొహంలోనూ లేదు.

ఇదంతా బళ్ళారిలో మొదలైందని నా వాదన. ధర్మవరం రామకృష్ణమాచార్యులు (1853–1912) వృత్తికి వకీలు. సరస వినోదిని సభ అనే నాటక సమాజం పెట్టి, 1886–87 ప్రాంతంలో 'చిత్రనళీయము'తో మొదలుపెట్టి దాదాపు 30 నాటకాలు రాశారు, ఆడించారు, తానూ వేషం కట్టారు. సంభాషణల మధ్య పాటలు, పద్యాలు దట్టించారు. మాట మీద నడవాల్సిన నాటకం గొంతు మీద పడింది. అలాంటాయన్ని 'ఆంధ్ర నాటక పితామహుడు' అని ఎందుకు మోస్తున్నాం?

హార్మోనియం పెట్టె:
పాటల పిచ్చి ఆయన పుట్టించిందా? వీధి నాటకం, యక్షగానం చూస్తూ పెరిగిన జనానికి పాట లేని ఆట ఆటే కాదు. పైగా 1880 నాటికే ధార్వాడ నాటక కంపెనీ వాళ్ళు కోస్తా ఊళ్ళలో పాకలు వేసి హిందీ నాటకాలు ఆడారు. భాష అర్థం కాకపోయినా జనం ఎగబడ్డారంటే దేనికోసం? సంగీతానికీ తెరలకీ. రాజమండ్రిలో కందుకూరి తన నాటకం ఆడించింది కూడా వాళ్ళు వదిలి వెళ్ళిన పాకలోనే. ధర్మవరం వారు జనం చెవులకు అలవాటైనదాన్ని తెలుగులో, కర్ణాటక రాగాల్లో ఇచ్చారు. అంతే.

వెనక బెంచీ:
జనం అడిగారని ఇవ్వడమేగా నా అభ్యంతరం.

బళ్ళారి తాలూకు:
అయ్యా, జనం అడిగిందే ఇచ్చే మనిషైతే 'విషాద సారంగధర' రాసేవాడా?

ఆ కథ అందరికీ తెలిసిందే. రాజరాజ నరేంద్రుడు, సవతి తల్లి చిత్రాంగి, ఆమె నింద వేస్తే తండ్రి కొడుకు సారంగధరుడి కాళ్ళూ చేతులూ నరికిస్తాడు. తర్వాత సిద్ధుడొచ్చి బాగుచేస్తాడు, ప్రేక్షకుడు కళ్ళు తుడుచుకుని ఇంటికెళ్తాడు. మన సంప్రదాయంలో నాటకం మంగళంగా ముగియాలి. ధర్మవరం వారు ఆ ఓదార్పు తీసేసి విషాదంతోనే తెర దించారు. తెలుగు రంగస్థలం మీద తొలి విషాదాంత నాటకంగా చెప్పేది దాన్నే. ఇంగ్లీషు నాటకాలు చదివిన మనిషి, అంకాల్ని రంగాలుగా విడగొట్టిందీ ఆ పద్ధతిలోనే.

ఇంకో సంగతి. 1891లో సరస వినోదిని సభ మద్రాసు వెళ్ళి నాటకాలాడింది. చూసినవాళ్ళలో పమ్మల్ సంబంధ ముదలియార్ ఒకడు, అప్పటికి ఇరవై కూడా లేవు. నాటకమంటే చిన్నచూపు ఉన్న కుర్రాడు, వకీళ్ళూ చదువుకున్నవాళ్ళూ రంగు పూసుకోవడం చూసి మనసు మార్చుకున్నాడు. అదే ఏడు అతని నాటక సమాజం సుగుణ విలాస సభ పుట్టింది. ఆధునిక తమిళ నాటకానికి తండ్రి అని వాళ్ళు చెప్పుకునే మనిషికి దారి చూపింది మన బళ్ళారి వాళ్ళు. ఇది మనకంటే తమిళులే బాగా గుర్తుపెట్టుకున్నారు, అది వేరే బాధ.

వెనక బెంచీ:
విషాదం సంగతి ఒప్పుకుంటాను. కానీ ఆ విషాదం కూడా మెలోడ్రామాయే కదా మాస్టారూ? పాపమంతా చిత్రాంగి నెత్తిన, పుణ్యమంతా కొడుకు ఖాతాలో. ముసలి రాజుకు కట్టబెట్టిన పడుచుపిల్ల గురించి ఆలోచించే చోటు ఆ కథలో ఎక్కడుంది? 1892లో విజయనగరంలో 'కన్యాశుల్కం' ఆడారు. కాలం ఒకటే, ముసలి మొగుడి సమస్యా ఒకటే. ఒకచోట రాగం, ఇంకోచోట మనుషులు మాట్లాడుకునే మాట.

ఇంకా, ధర్మవరం వారి సొంత మేనల్లుడు, నటుడు బళ్ళారి రాఘవే ఈ రాగాల నాటకం వద్దని సహజ నటన, వచన నాటకం అంటూ జీవితాంతం పోరాడాడు. ఆడవేషాలు ఆడవాళ్ళే వేయాలన్నాడు. మేనమామ సభలో ఆడవేషాలు మగవాళ్ళవే. ఇంట్లోవాళ్ళే కాదన్నాక నేను కాదంటే తప్పేంటి?

హార్మోనియం పెట్టె:
మేనమామ వేదిక మీద కోపం పెట్టుకుంటే అది దిగుమతి తిరుగుబాటు కాదు, ఇంట్లో నేర్చుకున్నదే. చదువుకున్నవాడు నాటకమాడితే పరువు పోదని ఆయన చూపించకపోతే, వకీలు రాఘవ రంగం ఎక్కేవాడా? అయినా మీరు మొన్న చూసిన రోగం వేరు. అది కాంట్రాక్టు నాటకాలది. ఒకటో కృష్ణుడు, రెండో కృష్ణుడు అని పాత్రను ముక్కలు చేసి, పద్యానికింత అని బేరమాడుకున్న కాలంలో రాగం పెరిగింది. సరస వినోదిని వాళ్ళు పొద్దున కోర్టుకెళ్ళి, తీరిక చేసుకుని నాటకం కట్టినవాళ్ళు. పద్యం సాగదీస్తే వాళ్ళకొచ్చేదేమిటి?

వెనక బెంచీ:
చప్పట్లు.

బళ్ళారి తాలూకు:
అది నిజమే, వకీళ్ళకి చప్పట్లంటే ఇంకాస్త ఎక్కువ ఇష్టం! అయినా ఒక మాట. మనలో 'విషాద సారంగధర' మొత్తం చదివినవాళ్ళు ఎందరు? బిరుదు మీద కొట్లాడుకుంటున్నాం గానీ పుస్తకం తెరిచినట్టు లేదు. వచ్చే వారం రెండో అంకం నుంచి కొన్ని పేజీలు పెడతాను. అందులో పాటెక్కడొస్తుందో, దానికి ముందు మాట ఏముందో మీరే చూడండి వెనక బెంచీ గారూ. బళ్ళారిలోనే ఇంకో నాటకకర్త కోలాచలం శ్రీనివాసరావు అభిమానులు కాస్త ఆగండి, ఆయన సుమనోరమ సభ గురించి విడిగా మొదలుపెడదాం. ఇద్దర్నీ ఒకే చర్చలో కలిపితే బళ్ళారిలో అప్పటి కొట్లాటే మళ్ళీ ఇక్కడ మొదలవుతుంది.