కరివేపాకు మీద ఒక పురుగు, నందివర్ధనం మీద ఇంకోటి: ఏది సీతాకోకచిలుక అవుతుంది?

గుణదల డాబాతోట

అందరికీ నమస్కారం. మాది విజయవాడ గుణదల, ఏలూరు కాలవకి దగ్గర్లో. డాబా మీద కుండీల్లో మొక్కలు పెంచుతున్నాను. వానలు పడ్డప్పటి నుంచి ఏ ఆకు తిప్పినా పురుగే. మా అత్తగారు వేపనూనె కలిపిన స్ప్రేయర్ పట్టుకుని సిద్ధంగా ఉన్నారు. ఆరో తరగతి చదివే మా అమ్మాయేమో "అవి సీతాకోకచిలుకలు అవుతాయి, చంపితే నేను అన్నం తినను" అని భీష్మించుకుని కూర్చుంది. మధ్యలో నాకు టెన్షన్.

మూడు ఫోటోలు పెడుతున్నాను. మొదటిది కరివేపాకు మీద తీసింది. ఒకే రెమ్మ మీద రెండు రకాలున్నాయి. చిన్నవి నల్లగా, నడుమ తెల్ల మచ్చతో అచ్చం పిట్ట రెట్టలా ఉన్నాయి. పెద్దది నున్నగా పచ్చగా ఉంది. పుల్లతో కదిపితే తల వెనక నుంచి నారింజ రంగు కొమ్ములు రెండు బయటికొచ్చాయి, గుప్పున ఘాటు వాసన. అది చూసి అత్తగారు విషప్పురుగని తేల్చేశారు.

రెండోది నందివర్ధనం మీద. వేలంత లావు, పచ్చటి ఒళ్లు, ముందువైపు రెండు నీలం కళ్లు, తోక దగ్గర చిన్న కొమ్ము. కింద టైల్స్ మీద మిరియాలంత పెంటికలు. మూడోది మా ఇంట్లోది కాదు. కాలవ గట్టున జిల్లేడు మీద కనపడింది, నలుపూ తెలుపూ పసుపూ చారలు.

యాప్‌లో పెడితే మొదటిదానికి ఒక్కో ఫోటోకి ఒక్కో పేరు చెప్పింది. నాకు పేర్లు ఒక్కటే చాలవండీ, రేపు ఇంకోటి కనపడితే నా అంతట నేను పోల్చుకోవడం ఎలాగో చెప్పండి. వీటిలో దేన్ని ఉంచమంటారు, దేన్ని తీసేయమంటారు?

లాం ఫారం రోడ్డు

అమ్మా, మీరు పురుగుతో పాటు ఆకు కూడా కనపడేలా ఫోటో తీశారు, సగం పని అక్కడే అయిపోయింది. నా ఉద్యోగమంతా గుంటూరు చుట్టుపక్కల పత్తి, మిరప చేలల్లో పురుగులు చూడటంతోనే గడిచింది. రైతు ఫోన్ చేసి "పచ్చ పురుగు పడిందండీ" అంటే నేను ముందు అడిగేది ఏ పైరు మీద అని. రంగు నమ్మదగ్గది కాదు. ఒకే పురుగు కుబుసం విడిచినప్పుడల్లా వేషం మారుస్తుంది. చెట్టు మాత్రం మారదు. తల్లి సీతాకోకచిలుక ముందరి కాళ్లతో ఆకుని తడిమి, రుచి చూసుకుని, తన పిల్ల తినగలిగే ఆకైతేనే గుడ్డు పెడుతుంది. కాబట్టి ముందు చెట్టు పేరు, తర్వాతే పురుగు పేరు.

మీ కరివేపాకు మీద ఉన్నవి రెండు రకాలు కావు, ఒకే పురుగు చిన్నతనం, పెద్దతనం. పిట్ట రెట్ట వేషంలో ఉన్నంతకాలం పిట్టలు దాన్ని తినేదిగా చూడవు. ఒళ్లు పెరిగాక ఆ వేషం నప్పదు, అంత పెద్ద రెట్ట ఎక్కడుంటుంది? అందుకే ఆఖరి కుబుసంతో పచ్చగా మారి ఆకుల్లో కలిసిపోతుంది. ఆ నారింజ కొమ్ములు చీమల్ని, సాలీళ్లని తరమడానికి. విషం కాదు, వాసన మాత్రమే. మీ అత్తగారు ధైర్యంగా చేత్తో పట్టుకోవచ్చు.

ఇది కామన్ మోర్మన్ గానీ లైమ్ బటర్‌ఫ్లై గానీ అయ్యుంటుంది. కరివేపాకు, నిమ్మ రెండిటి మీదా ఈ రెండూ గుడ్లు పెడతాయి. మీ ఫోటో చూసి ఇదేనని పందెం కాయను. యాప్ తడబడింది కూడా ఇక్కడే. ప్యూపా (పురుగుకీ రెక్కలకీ మధ్య కదలకుండా ఉండే దశ) నుంచి బయటికొచ్చాక మీ అమ్మాయే చెప్పేస్తుంది: వెనక రెక్కలకి తోకలుంటే మోర్మన్. తోకల్లేకుండా నలుపు మీద లేతపసుపు మచ్చలు, వెనక రెక్క లోపలి మూల ఎర్ర మచ్చ ఉంటే లైమ్.

నందివర్ధనం మీదున్నది సీతాకోకచిలుక కాదు, చిమ్మట. ఓలియాండర్ హాక్ మాత్ అంటారు, గన్నేరు మీద కూడా ఉంటుంది. తోక దగ్గర కొమ్ము కనపడిందంటే దాదాపుగా హాక్ మాత్ కుటుంబమే అనుకోండి. ఆ నీలం కళ్లు ఉత్త బొమ్మలు, అసలు తల వాటికి ముందు చిన్నగా ఉంటుంది. బెదిరిస్తే తలని లోపలికి ముడుచుకుని ఆ బొమ్మ కళ్లని ఉబ్బిస్తుంది. ఇంకొన్నాళ్లకి పచ్చదనం పోయి గోధుమ రంగుకి తిరిగి కిందికి దిగుతుంది. అప్పుడు జబ్బు చేసిందని పారేయకండి. రాలిన ఆకుల కింద ప్యూపాగా మారడానికి చోటు వెతుక్కుంటోంది. టైల్స్ మీద పాపం దానికి చోటు దొరకదు, ఒక కుండీలో ఎండుటాకులు వేసి అందులో వదలండి. చిమ్మట అని చిన్నచూపు చూడకండి. పచ్చ, గులాబీ, తెలుపు కలిసిన ఆ రెక్కలు చూస్తే చాలా సీతాకోకచిలుకలు దాని ముందు దిగదుడుపే.

జిల్లేడు మీదున్నది ప్లెయిన్ టైగర్ అనే సీతాకోకచిలుక పురుగు, అందులో అనుమానం లేదు. ఒంటి మీద నల్లటి మీసాల్లాంటివి ఎన్ని జతలున్నాయో లెక్కపెట్టండి. మూడు జతలుంటే ఇదే. గన్నేరు మీదో మర్రి మీదో నాలుగు జతలది కనపడితే అది కామన్ క్రో. దాని ప్యూపా వెండి రేకు చుట్టినట్టు మెరుస్తుంది.

కొండపల్లి నడక

మాస్టారు చెప్పాక నేను చెప్పేదేముంది గానీ, అక్కా, రెక్కలున్నవాటి దగ్గర ఒక మోసం ఉంది, అది కూడా తెలుసుకోండి.

ప్లెయిన్ టైగర్ జిల్లేడు ఆకులోని విషాన్ని ఒంట్లో దాచుకుంటుంది, అందుకే పిట్టలు దాని జోలికి పోవు. ఆ పేరు వాడుకుని బతికేది డేనైడ్ ఎగ్‌ఫ్లై అనే ఇంకో సీతాకోకచిలుకలో ఆడది. అదే నారింజ రంగు, అదే నల్ల అంచు. ఎగురుతుంటే నాకూ తేడా తెలీదు. వాలినప్పుడు వెనక రెక్క మధ్యలో చూడండి. ప్లెయిన్ టైగర్ ఆడదానికి మూడు నల్ల మచ్చలు, మగదానికి నాలుగు ఉంటాయి. ఎగ్‌ఫ్లైకి పై అంచు దగ్గర ఒక్కటే. మగ ఎగ్‌ఫ్లై అయితే అసలు చుట్టమే కాదన్నట్టుంటుంది, నల్ల రెక్కల మీద ఊదా అంచున్న పెద్ద తెల్ల మచ్చలు. దీని పురుగు జిల్లేడు జోలికి పోదు, గంగపాయల కూర మీద పెరుగుతుంది. కుండీలో గంగపాయల వేసి వదిలేయండి, వస్తే గిస్తే డాబా మీదికే వస్తుంది.

మీ కరివేపాకు మీదది మోర్మన్ అయితే ఇంకో తమాషా. మగవన్నీ ఒకే వేషం. ఆడవాటిలో కొన్ని మగదానిలాగే ఉంటాయి, కొన్ని కామన్ రోజ్ అనే వేరే సీతాకోకచిలుకలా, ఇంకొన్ని క్రిమ్సన్ రోజ్ అనేదానిలా ఉంటాయి. నిజం రోజ్‌లకి ఒళ్లు ఎర్రగా ఉంటుంది, మోర్మన్‌కి ఒళ్లు నలుపు. ఈ వేషాలన్నిటినీ నడిపేది డబుల్‌సెక్స్ అనే ఒక్క జీన్ అని కృష్ణమేఘ్ కుంటే, తోటి శాస్త్రవేత్తలు 2014లో నేచర్ పత్రికలో చూపించారు. నిజం రోజ్‌ల పురుగులు కావాలంటే ఈశ్వరి తీగ, నల్లరేగడి చేలగట్ల మీద గాడిదగడప వెతకండి. కరివేపాకు మీద ఎప్పటికీ దొరకవు.

అమ్మాయిని తీసుకుని ఒక ఆదివారం ఇబ్రహీంపట్నం దగ్గర మూలపాడు బటర్‌ఫ్లై పార్కుకి రండి. వాన వెలిసి ఎండ కాసిన పొద్దుటి పూట బాగుంటుంది. తెల్లారకముందే పరిగెత్తక్కర్లేదు, ఒంటికి ఎండ తగిలితే గానీ అవి ఎగరవు.

తెనాలి నిమ్మతోట

మీకు ముచ్చటగానే ఉంటుందండీ. నిమ్మ అంట్లు పెంచేవాణ్ణి అడగండి ఈ కరివేపాకు, నిమ్మ పురుగు సంగతి. లేత చిగురంతా ఊడ్చేస్తుంది, మొక్క మోడుగా నిలబడుతుంది. సీతాకోకచిలుక అని దండం పెట్టుకుంటూ కూర్చుంటే నర్సరీ మూసుకోవాలి. మేం ఏరి పారేస్తాం, ఎక్కువైతే మందు కొడతాం.

లాం ఫారం రోడ్డు

తెనాలి వారితో నాకు పేచీ లేదు. లేత అంట్లకి ఇది పెద్ద పురుగే. ఏరెయ్యడమే మంచి పద్ధతి, మందు దాకా వెళ్లకుండా ఆగగలిగితే ఇంకా మంచిది. కాపుకొచ్చిన పెద్ద చెట్టుకి నాలుగు పురుగులు లెక్కలోకి రావు.

అమ్మా, మీది కుండీ మొక్క కాబట్టి రెండు పురుగులు ఉంచుకుని, మిగతావాటిని రెమ్మతో సహా కోసి దగ్గర్లో ఏదైనా పెద్ద నిమ్మ చెట్టు మీద పెట్టండి. ఉంచుకున్నవాటికి మూత చిల్లులున్న డబ్బా చాలు. రోజూ తాజా ఆకు వేయండి, ఆకు తడిగా ఉండకూడదు, పెంటికలు తుడిచేయండి. మార్కెట్లో కొన్న కరివేపాకు మాత్రం వేయొద్దు, దాని మీద కొట్టిన మందు పురుగుని చంపేస్తుంది. ఒకనాడు తిండి మానేసి, నీళ్లగా విసర్జించి, డబ్బా అంతా కలియతిరుగుతుంది. అప్పుడు ఒక పుల్ల ఏటవాలుగా పెట్టండి. నడుముకి పట్టుదారం కట్టుకుని దానికి ఆనుకుంటుంది. ప్యూపా పచ్చగా ఉన్నా గోధుమ రంగులో ఉన్నా కంగారొద్దు, ఆనుకున్న చోటుని బట్టి రంగు మారుతుంది.

గుణదల డాబాతోట

చాలా చాలా థాంక్సండీ. అత్తగారు చదివించుకుని విన్నారు. నందివర్ధనం పురుగుకి క్షమాభిక్ష దొరికింది, కరివేపాకు మీద సంప్రదింపులు నడుస్తున్నాయి.

ఇంకో రెండు అనుమానాలు. పక్కింటి మునగ చెట్టు మొదలు నిండా బూడిద రంగు వెంట్రుకల పురుగులు గుంపుగా అంటుకుని ఉన్నాయి. మా అమ్మాయి వాటినీ డబ్బాలో వేస్తానంటోంది. రెండోది, కరివేపాకు మీద ఒక పచ్చ పురుగు కదలకుండా ఉంది, దాని పక్కన తెల్లటి చిన్న చిన్న గూళ్లు గుత్తిగా ఉన్నాయి. అవి దాని గుడ్లా?

లాం ఫారం రోడ్డు

మునగ మీదవి ముట్టుకోనివ్వకండి. అవి బొంత పురుగులు, చిమ్మట జాతి. ఆ వెంట్రుకలు గుచ్చుకుంటే దురద, దద్దుర్లు. పగలు అలా మొదట్లో గుంపు కడతాయి, రాత్రి పైకెక్కి ఆకు తింటాయి. పొరపాటున తగిలితే గోకకుండా, సెల్లోటేపు అంటించి లాగి వెంట్రుకలు తీసి, సబ్బుతో కడగాలి. ఆ చెట్టు కింద బట్టలు ఆరేయొద్దని పక్కింటివారికి కూడా చెప్పండి.

ఇక రెండోది. పురుగులు గుడ్లు పెట్టవమ్మా, పెట్టేది రెక్కలొచ్చాకే. ఆ తెల్లవి చిన్న కందిరీగ జాతి గూళ్లు. అది పురుగు ఒంట్లో గుడ్లు పెడుతుంది, పిల్లలు లోపలే తిని పెరిగి, బయటికొచ్చి ఆ గూళ్లు అల్లుకుంటాయి. ఆ పురుగు ఇక బతకదు. అమ్మాయికి ఎలా చెప్తారో మీ ఇష్టం. ఆ రెమ్మని మాత్రం పారేయకండి, స్ప్రే అక్కర్లేకుండా మీ అత్తగారి పని చేసిపెట్టేది ఆ కందిరీగలే. తెనాలి వారు అడిగినా ఇవ్వకండి.

తెనాలి నిమ్మతోట

మా తోటలో అవి బోలెడున్నాయి లెండి, మందు కొట్టని వరసల్లో.